వెనిగర్ ఎంత శాతమో కూడా రాయండి

సంపాదకులకు నమస్కారం.

స్వీడన్, జపాన్ రుచులు కలిపిన శరత్కాలపు చిరుతిళ్ళు ఇప్పుడు మన వంటల పేజీల్లోకీ వస్తున్నాయి. సంతోషం. రెండు దేశాల్లోనూ ఇది పుట్టగొడుగుల కాలం కాబట్టి ఆ జోడీ కుదురుతుంది. అయితే అక్కడి కొలతలను ఉన్నవి ఉన్నట్టు దించేస్తే విశాఖ వంటింట్లో పని చెడుతుంది. పైగా శాకాహారం అని వేసిన వాటిలోకి చేప కూడా వచ్చేస్తోంది.

ఉదాహరణకు బంగాళాదుంప అట్టు మీద మీసో (పులియబెట్టిన సోయా ముద్ద) పట్టించిన పుట్టగొడుగులు, ఆపైన ఊరవేసిన కీరా పెట్టే చిరుతిండిని తీసుకుందాం. ముందు వెనిగర్ సంగతి. స్వీడన్‌లో కీరా ఊరవేయడానికి ఒకటి, రెండు, మూడు అని ఒక లెక్క ఉంది: వెనిగర్ ఒక పాలు, పంచదార రెండు, నీళ్ళు మూడు. అది 12 శాతం వెనిగర్‌కు పెట్టిన లెక్క. మన కిరాణా కొట్లలో ఎక్కువగా దొరికేది 4 శాతమే. దాంతో అలాగే కలిపితే పులుపు మూడో వంతుకు పడిపోయి పానకంలా తయారవుతుంది. మన సీసాకు వెనిగర్ మూడు పాళ్ళు, నీళ్ళు ఒకటి, పంచదార రెండు పడాలి. రెండు లేత కీరాలకు 75 మి.లీ. వెనిగర్, 25 మి.లీ. నీళ్ళు, అదే కొలగ్లాసుతో 50 మి.లీ. పంచదార సరిపోతాయి. పంచదార కరిగేదాకా వేడిచేసి, పూర్తిగా చల్లారాకే పల్చటి చక్రాల మీద పోయాలి. వేడిగా పోస్తే కరకర పోతుంది. కాస్త సోయకూర తరిగి వేసి గంటసేపు ఫ్రిజ్‌లో ఉంచాలి.

ఇక దాషి, అంటే జపాన్ వంటల్లో రుచికి వాడే పల్చటి రసం. మామూలు జపాన్ దాషిలో కాట్సువో అనే ట్యూనా జాతి చేపను పొగబెట్టి, ఎండబెట్టి, చెక్కిన తునకలు ఉంటాయి. కొన్ని మీసో ప్యాకెట్లలోనూ అది ముందే కలిపి ఉంటుంది. ఆకుపచ్చ గుర్తుతో పాటు దినుసుల జాబితా కూడా చదివి కొనాలి. మూడు ఎండు శిటాకే పుట్టగొడుగులను కప్పు చల్లటి నీళ్ళలో రాత్రంతా ఫ్రిజ్‌లో నానబెడితే ఆ నీళ్ళే దాషి.

అడుగున వేసేది రోరాకా, అంటే స్వీడన్ వాళ్ళ బంగాళాదుంప అట్టు. పిండి ఉండదు, గుడ్డు ఉండదు. 400 గ్రాముల దుంపలు పెద్ద కన్నాల తురుముపీట మీద తురిమి, అర చెంచా ఉప్పు కలిపి, ఐదు నిమిషాలాగి పల్చటి గుడ్డలో గట్టిగా పిండాలి. పిండిన నీళ్ళు పారబోయకండి. కాసేపటికి గిన్నె అడుగున తెల్లటి గంజి పేరుకుంటుంది. పైనీళ్ళు వంచేసి ఆ గంజిని తురుములో కలిపితేనే అట్టు విడిపోకుండా నిలుస్తుంది. తురుమును కడిగితే అదంతా పోతుంది. ఈ నెలల్లో మార్కెట్లో ఉండేవి చాలావరకు కోల్డ్ స్టోరేజీ దుంపలు. చలికి వాటిలో పిండి కొంత చక్కెరగా మారుతుంది కాబట్టి పెద్ద మంట మీద పైన మాడి లోపల పచ్చిగా ఉండిపోతాయి. ఇనప పెనం మీద సగం నూనె, సగం వెన్న వేసి, మధ్యస్థ మంట మీద అరచేయంత అట్లు వేయాలి. అంచులు ఎర్రబడేదాకా తిప్పొద్దు. దించాక పళ్ళెంలో కాకుండా జల్లెడ మీద పెట్టండి. మన సముద్రపు గాలికి ఇవి త్వరగా మెత్తబడతాయి.

చిప్ప పుట్టగొడుగులు 200 గ్రాములు చేత్తో చీల్చి, ముందు నూనె లేకుండా, పెనం మీద ఇరుకు కాకుండా వేయాలి. నీరు ఊరి పూర్తిగా ఇగిరాకే చెంచా వెన్న. మీసో పెద్ద చెంచాడు, దాషి రెండు పెద్ద చెంచాలు కలిపి ఉంచుకుని, పొయ్యి కట్టేశాక పోయాలి. మంట మీద పోస్తే మీసో అడుగంటుతుంది, వాసనా పోతుంది. ఉప్పు వేయకండి, మీసోలోదే చాలు. అట్టు మీద ఇది, ఆపైన పిండిన కీరా, వేయించిన నువ్వులు.

కార్తీకంలో పుట్టగొడుగు ముట్టని ఇళ్ళు చాలా ఉన్నాయి. వారికి ఎర్రగా పండిన గుమ్మడికాయ అరంగుళం ముక్కలుగా వేయించి ఇదే మీసోతో చేసుకోవచ్చు. అప్పుడు దాషికి శిటాకే బదులు కొంబు అనే ఎండు సముద్రపు నాచు రెండంగుళాల ముక్క నానబెట్టి, ఆ నీళ్ళు వేడిచేస్తూ మరగకముందే ముక్కను తీసేయాలి. మరిగితే జిగురు, చేదు. చేప, మాంసాల్లో ఉండే కమ్మటి రుచినిచ్చే గ్లుటమేట్ అనే పదార్థాన్ని జపాన్ రసాయన శాస్త్రవేత్త కికునాయే ఇకెదా 1908లో గుర్తించింది ఈ కొంబులోనే, కాబట్టి చేప లేదన్న లోటేమీ ఉండదు. ఉల్లి, వెల్లుల్లి అవసరం అసలే లేదు.

ఇలాంటి వంటకం వేసేటప్పుడు వెనిగర్ శాతం, మీసో రకం, దాషి దేనితో చేసిందీ తప్పక అచ్చువేయాలని మా మనవి.

— పాఠకులు, ఎంవీపీ కాలనీ, విశాఖపట్నం