ఆ వంతెనకు ఏడాదికి మించి వయసు ఉండదు

సంపాదకులకు నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో పెరూ దేశపు గడ్డి వంతెన ఫొటో వేసి, కింద ‘600 ఏళ్ల నాటి ఇంకాల వంతెన, ఆండీస్ పర్వతాల్లోని ఒక మారుమూల ప్రాంతం’ అని రాశారు. ఫొటో బాగుంది. కింది రాతలో మాత్రం రెండు ముక్కలూ దిద్దాల్సినవే. పద్ధతి ఇంకాల కాలం నాటిదే (స్పెయిన్ వాళ్లు రాకముందు ఆ కొండలను ఏలినవాళ్లు ఇంకాలు) గానీ, ఆ వంతెనలో ఏడాది దాటిన గడ్డిపోచ ఉండదు. ఇక ఆ ప్రాంతానికి పేరుంది. కుస్కో రీజియన్‌లోని కానాస్ ప్రావిన్స్ అది.

కుస్కో నుంచి సికువానీ వెళ్లే రహదారిలో కొంబపాతా దగ్గర పక్కకు తిరిగి పైకెక్కితే కానాస్ వస్తుంది. ముఖ్యపట్టణం యనావోకా 3,900 మీటర్ల పైచిలుకు ఎత్తున ఉంది. ఇళ్లలో, సంతలో వినపడేది క్వెచువా భాష. బంగాళదుంప, బార్లీ, కినోవా పండుతాయి. ఇంకా పైకి పోతే పంట ఉండదు, గొర్రెలూ అల్పకాలూ మేసే బయళ్లే. పెద్ద దూలాలకు పనికొచ్చే చెట్లు ఆ ఎత్తులో అరుదు. ఎటు చూసినా ఉండేది ‘ఇచు’ అనే బిరుసు గడ్డి. లోయను దాటడానికి చేతికందే సరుకు అదే కాబట్టి వంతెనను దానితోనే కట్టడం నేర్చుకున్నారు.

లోయలో పారేది అపురిమాక్ నది. ఆ పేరుకు ‘మాట్లాడే దేవర’ అని అర్థం చెబుతారు. నది మీది వంతెన పేరు కెస్వచాకా. కెస్వ అంటే పేనిన గడ్డితాడు, చాకా అంటే వంతెన. పొడవు సుమారు 28 మీటర్లు, వెడల్పు 1.2 మీటర్లు. ఏటా జూన్‌లో విన్చిరి, చౌపిబాందా, చొక్కైవా, కొల్యానా కేవే అనే నాలుగు ఊళ్లవాళ్లు కలిసి దాన్ని కొత్తగా కడతారు. పని మూడు రోజులు, నాలుగో రోజు పండగ.

అసలు పని అంతకుముందే ఇళ్ల దగ్గర మొదలవుతుంది. ఇచు జాతిలోనే ‘ఖోయా’ అనే గట్టి గడ్డిని కోసి, నీళ్లలో నానబెట్టి, రాళ్లతో దంచుతారు. ఎండుగడ్డిని అలాగే పేనితే పుటుక్కున విరుగుతుంది. నాని, నలిగితేనే మెలికకు లొంగుతుంది. తర్వాత అరచేతుల మధ్య పురి పెడుతూ సన్నతాడు పేనుతారు. కిటుకంతా అతుకులోనే ఉంది. చేతిలో ఉన్న పోచలు అయిపోకముందే కొత్త పోచలు కలుపుతూ పోవాలి. అతుకులన్నీ ఒకేచోట పడితే తాడు సరిగ్గా అక్కడే తెగుతుంది. పేటల పురి ఒకవైపు, పేటలను కలిపే పురి దానికి ఎదురువైపు ఉండాలి. అప్పుడే ఒకదాన్నొకటి బిగించుకుని విడిపోకుండా నిలుస్తాయి.

ఇలా ఇంటింటా సుమారు 70 మీటర్ల తాడు తయారవుతుంది. ఈ సన్నతాళ్లను పరిచి, కలిపి మెలిపెడితే మధ్యరకం తాడు. అలాంటివి మూడు జడలా అల్లితే ఒక మోకు. మొత్తం ఆరు మోకులు కావాలి: నడిచే బాటకు నాలుగు, చేతిపట్టుకు రెండు. పాత వంతెనను కోసి నదిలోకి వదిలేస్తారు. గడ్డే కాబట్టి కుళ్లి కలిసిపోతుంది. కొత్త మోకులను రెండు గట్ల మీది పాత రాతి దిమ్మెలకు బిగిస్తారు. నేర్పంతా ఈ బిగింపులోనే బయటపడుతుంది. నాలుగింటిలో ఒక్కటి వదులైనా బాట ఒక పక్కకు ఒరుగుతుంది. అందుకే రెండు వైపులా జనం నిలబడి, అన్నీ సమంగా బిగిసే దాకా లాగుతారు. అప్పుడు అనుభవమున్న పనివాళ్లు చెరో గట్టు నుంచి మొదలుపెట్టి, చేతిపట్టు మోకులను అడుగు మోకులతో కలిపి కుడుతూ మధ్యలో కలుసుకుంటారు.

జూన్‌నే ఎంచుకోవడానికి కారణం వాతావరణం. వానలు ఆగి ఉంటాయి, బంగాళదుంప తవ్వడం అయిపోయి చేతులు ఖాళీగా ఉంటాయి. దుంపను ఎండబెట్టి ‘చూన్యో’ అనే నిల్వ సరుకుగా చేసేదీ ఈ కాలంలోనే. చిన్న దుంపలను రాత్రి మంచులో గడ్డకట్టనిచ్చి, పగటి ఎండకు కరిగాక కాళ్లతో తొక్కి నీరు పిండి ఎండబెడతారు. ఆకాశం మబ్బు పట్టి రాత్రి గడ్డకట్టకపోతే దుంప కుళ్లుతుంది. సరిగ్గా ఎండితే ఏళ్ల తరబడి నిల్వ ఉంటుంది.

600 ఏళ్లని రాయడం ఎందుకు తప్పో 2021 మార్చిలో తేలిపోయింది. కోవిడ్ వల్ల 2020లో వంతెన తిరిగి కట్టలేదు. పాత గడ్డి మీదే ఇంకో వానాకాలం గడిచింది. మోకులు తట్టుకోలేక వంతెన నదిలో పడిపోయింది. జూన్‌లో ఆ ఊళ్లవాళ్లే మళ్లీ కట్టారు. దగ్గరలోనే వాహనాలు వెళ్లే వంతెన ఉన్నా వాళ్లు ఈ పని మానలేదు. యునెస్కో 2013లో వారసత్వ జాబితాలో చేర్చింది కూడా గడ్డి కట్టడాన్ని కాదు, ఏటా తిరిగి కట్టే ఈ విద్యనూ ఆచారాన్నీ.

ఇంకొక్క మాట. కానాస్‌ను చరిత్ర పట్టని మూలగా చూడటం అన్యాయం. స్పెయిన్ పాలన మీద 1780 నవంబర్ 4న తిరగబడిన రెండో తుపాక్ అమారు ఈ నేలలోని సూరిమానా, తుంగసూకా, పంపమార్కా ఊళ్లకు కురాకా, అంటే స్థానిక నాయకుడు. 1781 మే 18న ఆయన్ను కుస్కోలో చంపారు. ఆ తర్వాత ఇంకాల వేషం మీద, క్వెచువా భాష మీద కూడా వేటు వేయాలని చూశారు. పెరూ ఆ భాషను అధికార భాషగా గుర్తించింది 1975లో. వంతెన దగ్గర పని చెప్పే గొంతులు ఇవాళ కూడా ఆ భాషలోనే వినిపిస్తాయి.

వచ్చే వారం సవరణ వేస్తే ఫొటో కింద ఇలా వేయండి: ‘కెస్వచాకా, కానాస్ ప్రావిన్స్, పెరూ. ఏటా కట్టేది విన్చిరి, చౌపిబాందా, చొక్కైవా, కొల్యానా కేవే గ్రామస్థులు.’ చోటు చాలకపోతే 600 ఏళ్ల మాట తీసేయండి గానీ ఊళ్ల పేర్లు ఉంచండి.

ఇట్లు,
ఒక పాఠకుడు