ప్రింటర్‌ను పాత సామాన్లకు వేయకు

ప్రియమైన నేస్తానికి,

నీ ఉత్తరం నిన్న సాయంత్రం అందింది. ప్రింటర్ దీపాలు రెండూ మార్చి మార్చి మిణుకుతున్నాయనీ, ‘సిరా ప్యాడ్ నిండింది’ అని కంప్యూటర్ చెబుతోందనీ, పాత సామాన్లవాడికి ఇచ్చేస్తాననీ రాశావు. ఒరేయ్, ఆగు. అది పాడవలేదు.

పోయిన ఏడాది మా ఇంట్లోనూ ఇదే గొడవ. తెల్లవారితే అమ్మాయి ప్రాజెక్టు ఇవ్వాలి, రాత్రి పదింటికి ప్రింటర్ మొరాయించింది. బాగుచేసే అతను కొత్తది కొనమన్నాడు. చక్కగా పనిచేసే యంత్రాన్ని పారేయడానికి నాకు మనసొప్పలేదు.

నాజిల్స్, అంటే సిరా చిమ్మే సన్నని రంధ్రాలు, ఎండిపోకుండా ప్రింటర్ అప్పుడప్పుడు కొంత సిరా బయటికి లాగేస్తుంది. అది సన్నని గొట్టం గుండా అడుగున ఉన్న మందపాటి ప్యాడ్‌లోకి పోతుంది. మన ప్రింటర్ల వంటివి ప్యాడ్ ఎంత తడిసిందో చూడవు. ఇన్నిసార్లు కడుక్కున్నాను, ఇంత సిరా పోయి ఉంటుంది అని లెక్కగట్టి చిప్‌లో దాచుకుంటాయి. లెక్క హద్దుకు చేరగానే ఆగిపోతాయి, సిరా పొంగి బల్ల మీదికి కారకుండా. ఆ జాగ్రత్తను నేను తప్పుపట్టను. ప్యాడ్ మార్చుకునే దారి కొన్నవాడికి చూపకపోవడమే నాకు కోపం. కొన్ని కొత్త మోడళ్లకు ఆ వృథా సిరా చేరే, మనమే మార్చుకోగల మెయింటెనెన్స్ బాక్స్ ఉంది. అన్నిటికీ ఉంటే ఎంత బాగుండేది!

లెక్కను సున్నా చేసే సాఫ్ట్‌వేర్ దొరుకుతుంది. కానీ ముందు ప్యాడ్ సంగతి చూడు. లెక్క సున్నా అయినంత మాత్రాన లోపలి సిరా ఆవిరైపోదు కదా! నేను చేతులకు తొడుగులు వేసుకుని ప్యాడ్ తీసి, నీళ్లు తేటగా వచ్చేదాకా కడిగి, రెండు రోజులు ఎండలో ఆరబెట్టాను. గొట్టం మళ్లీ సరిగ్గా అమర్చాకే కంప్యూటర్‌కు యూఎస్‌బీ కేబుల్‌తో కలిపి రీసెట్ చేశాను. ఆపి మళ్లీ ఆన్ చేయగానే పేజీ బయటికొచ్చింది. ఆ ఆనందం చెప్పలేను!

రీసెట్ పద్ధతి మోడల్‌ను బట్టి మారుతుంది, కనుక నీ మోడల్ నంబరు రాయి. ఎక్కడ పడితే అక్కడ సాఫ్ట్‌వేర్ దించుకోకు, వాటితో వైరస్‌లు వస్తాయి. ఇంకొకటి, గోడ దగ్గర స్విచ్ కట్టేసే అలవాటు మానుకో. ప్రింటర్ బటన్‌తోనే ఆపితే నాజిల్స్ ఉండే హెడ్ తన మూత కిందికి చేరుతుంది, ఎండిపోదు, మాటిమాటికీ శుభ్రం చేయాల్సిన పనీ తగ్గుతుంది.

ఆదివారం నేనే వస్తాను. పాత వార్తాపత్రికలు ఒక కట్ట తీసి ఉంచు, నేలంతా పరవాలి.

నీ
నేస్తం