వాచీ యాప్ రాసే ముందు ఆ చెయ్యి ఎవరిదో చూడండి

సంపాదకులకు నమస్కారం.

ఇంజనీరింగ్ కాలేజీలో ఫైనలియర్ ప్రాజెక్టులు చూడటం నా పని. ఈమధ్య స్మార్ట్ వాచీల మీద చేసేవి బాగా పెరిగాయి. అడుగులు లెక్కపెట్టడం, నీళ్లు తాగమని గుర్తుచేయడం, మెయిల్ చూపించడం. చాలావరకు ఫోన్ తెరనే కుదించి మణికట్టుకు కట్టినవి. జేబులో ఫోన్ ఉన్నవాడికి ఇవెందుకు? టీ-హబ్, రతన్ టాటా ఇన్నోవేషన్ హబ్ లాంటి స్టార్టప్ కేంద్రాలు పెట్టి ప్రభుత్వాలే కొత్త ఆలోచనలను ప్రోత్సహిస్తున్నాయి కాబట్టి ఇది కాలేజీల లోపలి సంగతి మాత్రమే కాదు.

కెమెరా, చిన్న తెర ఉన్న కళ్లజోడు గూగుల్ గ్లాస్ ఏమైందో చూడండి. 2013లో 1,500 డాలర్లకు ఇచ్చారు. ఎదుటివాడి కళ్లజోడులో కెమెరా ఉందంటే పక్కన కూర్చోడానికే జనం జంకారు. 2015 జనవరిలో ఆ అమ్మకం ఆపేశారు. అదే కళ్లజోడు 2017లో ఫ్యాక్టరీలకు పనికొచ్చింది, రెండు చేతులూ పనిలో ఉన్న మనిషికి సూచనలు కళ్లముందే కనిపిస్తాయి కదా. (2023లో దాన్నీ ఆపేశారు, అది వేరే విషయం.) యాపిల్ 2016లో చక్రాల కుర్చీ వాడేవాళ్లకు అడుగుల బదులు చక్రాన్ని ఎన్నిసార్లు తోశారో లెక్కపెట్టేలా వాచీని మార్చింది. ఎవరు పెట్టుకుంటారో ఆలోచించి చేయడమంటే అదీ.

2018 నుంచి అదే కంపెనీ వాచీ మనిషి పడిపోతే గుర్తుపడుతోంది. నిమిషం దాకా కదలిక లేకపోతే అత్యవసర నంబరుకు ఫోన్ చేసి, అయినవాళ్లకు మెసేజ్ పెడుతుంది. పిల్లలు అమెరికాలోనో గల్ఫ్‌లోనో ఉండి అమ్మానాన్నలే మిగిలిన ఇళ్లు మన దగ్గర తక్కువా? కానీ మనకు మధ్యాహ్నమంటే డాలస్‌లో అర్ధరాత్రి దాటుతుంది. నిద్రలో ఉన్న కొడుక్కి మెసేజ్ వెళ్లి ఏం లాభం? ముందు పక్కింటికి వెళ్లాలి, తర్వాత 108కి. "పడ్డారా అమ్మా?" అని వాచీ తెలుగులో, గట్టిగా అడగాలి. ఆవిడ "బాగానే ఉన్నా" అంటే ఊరుకోవాలి తప్ప, కళ్లజోడు లేకుండా చిన్న బటన్ వెతుక్కోమనకూడదు. బట్టలు బండకేసి బాదినా పడిపోయారనుకుని అలారం కొడితే ఆ వాచీ మర్నాటికి బీరువాలో ఉంటుంది. రోజూ చార్జింగ్ పెట్టడం మరో టెన్షన్. పైగా స్నానానికి వెళ్తూ దాన్ని తీసి గూట్లో పెడతారు, కాలు జారేదేమో అక్కడే. మా పిల్లల ప్రాజెక్టు రిపోర్టుల్లో ఈ సంగతుల ఊసే ఉండదు.

కాబట్టి కాలేజీలకూ హబ్బులకూ ఒక విన్నపం. మార్కులో డబ్బో ఇచ్చే ముందు ఆ యాప్ ఎవరి కోసమో వాళ్ల చేతికే నెల రోజులు కట్టించండి. మధ్యలో తీసేస్తే ఎందుకు తీసేశారో రిపోర్టులో రాయించండి. వాచీ కొలిచే పెద్దల గుండె లెక్కలు ఎవరి సర్వర్‌కు చేరుతున్నాయో కూడా అందులో ఉండాలి. రెండు రాష్ట్రాల ప్రభుత్వాలూ ఇలాంటి యాప్‌ల నుంచి 108కి నేరుగా కబురు అందే ఏర్పాటు చేసి, తప్పుడు అలారాలకు ఏం చేయాలో నిబంధనలు ప్రకటించాలి.

– ఒక ఇంజనీరింగ్ అధ్యాపకుడు, గుంటూరు