తాళం వేసిన హాలు, నాలుగు వాక్యాల వార్త

సంపాదకులు గారికి,

నమస్కారం. గత నెల చివరి సోమవారం మీ విజయనగరం పేజీలో అడుగున ‘ప్రేక్షకులు లేక ర్యాప్ కార్యక్రమం రద్దు’ అని ఒక వార్త వేశారు. మా ఊరి కుర్రాడొకడు, తాళానికి మాటల్ని గబగబా పలికే ర్యాప్ పాటలతో తను చేసిన ఆల్బమ్‌ని ఊరివాళ్లకి వినిపించడానికి పెట్టుకున్న కార్యక్రమం అది. నాలుగంటే నాలుగు వాక్యాలు. అందులో మూడు తప్పు. ఆ రోజే రాయడానికి కూర్చున్నాను గానీ, కోపంలో రాయకూడదని రెండుసార్లు చింపేశాను. పది రోజులు గడిచినా కోపం తగ్గలేదు కాబట్టి ఇప్పుడు రాస్తున్నాను.

ప్రేక్షకులు లేకపోవడమేమిటండీ? ఆదివారం సాయంత్రం అయిదున్నరకే నేనక్కడ ఉన్నాను. హాలు మెట్ల మీద, సైకిల్ స్టాండు దగ్గర కలిపి నూటయాభై మందికి తక్కువ లేరు. గజపతినగరం నుంచీ చీపురుపల్లి నుంచీ బస్సెక్కి వచ్చిన పిల్లలున్నారు. లేనిది తాళంచెవి. మూడు వారాల ముందే అద్దె, దాని పైన 5 వేలు డిపాజిట్ కట్టి రసీదు తీసుకున్న హాలు అది. వాచ్‌మన్‌ని అడిగితే ‘సార్ తియ్యొద్దన్నారమ్మా’ అన్నాడు. ఆ సార్ ఫోన్ ఎత్తలేదు. ఏడు దాటాక ఒక ఉద్యోగి వచ్చి, దరఖాస్తులో సంగీత కార్యక్రమం అని రాశారనీ, ర్యాప్ సంగీతం కిందికి రాదనీ, పైగా భాష బాగోలేదని ఫిర్యాదు వచ్చిందనీ చెప్పి బండెక్కి వెళ్లిపోయాడు. ఫిర్యాదు ఎవరిచ్చారు, ఏ మాట బాగోలేదు అని వెనక నుంచి అడిగాం. ఎవరితో చెప్పుకోవాలి? మీ విలేకరి ఆ హాలు ఆఫీసు వాళ్లు చెప్పిందే రాసుకున్నట్టుంది. మెట్ల మీద నిలబడ్డ వాళ్లలో ఒక్కరినైనా అడగాల్సింది.

రెండో తప్పు, ‘సినిమా పాటలకు ర్యాప్’ అని రాయడం. అది ఆ అబ్బాయి సొంత ఆల్బమ్. 9 పాటలు. రాసిందీ పాడిందీ తనే. తయారైంది మా మేడ మీద గదిలో, నా కళ్ల ముందు. పగలు ఎలక్ట్రికల్ షాపులో పని, రాత్రి తొమ్మిదికి షట్టర్ వేశాక మా మెట్లెక్కేవాడు. సెకండ్ హ్యాండ్ ల్యాప్‌టాప్, జీతంలో దాచుకుని కొన్న మైకు, అంతే సరంజామా. గోడలకి నా ట్రంకు పెట్టెలో పాత బొంతలు నాలుగు వేలాడదీశాడు, గొంతు గదిలో మార్మోగకుండా. కిటికీల్లో దిండ్లు కుక్కాడు. ఫ్యాన్ తిరిగితే ఆ శబ్దం మైకులో పడుతుందని మే నెలలో కూడా ఆపేసేవాడు. పదకొండింటికి కిందికి దిగేసరికి చొక్కా పిండితే నీళ్లు కారేలా ఉండేది. వీధిలో కుక్క మొరిగినా, మా కుక్కర్ కూసినా మళ్లీ మొదటి నుంచి. ఇలా దగ్గర దగ్గర రెండేళ్లు.

నేను ఛందస్సు చెప్పినదాన్ని కాబట్టి వాళ్ల లెక్క నాకు త్వరగానే పట్టుబడింది. నాలుగు దెబ్బలు ఒక బార్, మామూలుగా పదహారు బార్లు ఒక చరణం. మధ్యలో ఊపిరి ఎక్కడ తీసుకోవాలో ముందే చూసుకోవాలి. పదకొండో బార్‌లో గాలి అందక, ఒక మాట తీసి అంతకన్నా పొట్టి మాట వెతకడానికి ఒక రాత్రంతా కూర్చున్నాడు. ఒక పాట మాత్రం నాలుగు దెబ్బల్లో లేదు. మెట్ల మీద కూర్చుని వేళ్లతో లెక్కపెట్టాను. తకిట తకధిమి, తకిట తకధిమి. మూడు, నాలుగు, మూడు, నాలుగు. గురజాడ వారి ముత్యాల సరం ఛందస్సు నడక! ఎక్కడ నేర్చుకున్నావని అడిగితే, ‘మీరే కదా టీచర్, బల్ల మీద కొట్టి చెప్పారు’ అన్నాడు.

అవును, వాడు నా దగ్గర చదువుకున్నవాడే. అయిదో పాటలో ఒక టీచర్ వస్తుంది. పిల్లాడు ‘నేదు’ అని రాస్తే ఎర్ర సిరాతో కొట్టేసి ‘లేదు’ అని దిద్దే టీచర్. విన్నాక చాలాసేపు మాట్లాడలేకపోయాను. 31 ఏళ్లు నేను చేసిన పని అదే. వాళ్లమ్మ మాట్లాడే మాటని తప్పు కింద లెక్కేసి మార్కులు తగ్గించాను. అందుకే మీ వార్తలో మూడో తప్పు, ‘అర్థం కాని యాస’ అన్న మాట, చూసి అంత బాధ కలిగింది. ఎవరికి అర్థం కాదు? ‘ఏటి’, ‘నేదు’, ‘వచ్చీసినాడు’ విజయనగరంలో అర్థం కాకపోతే ఇంకెక్కడ అర్థమవుతాయి? సినిమాల్లో నవ్వించడానికి పనిమనిషి చేతా, వాచ్‌మన్ చేతా ఇదే భాష పలికిస్తే అందరికీ అర్థమవుతుంది. జూట్ మిల్లు గేటుకి తాళం పడ్డ రోజు నాన్న ఇంటికొచ్చి ఏమన్నాడో, ఆ మాటల్లోనే కొడుకు పాడితే మాత్రం అర్థం కాలేదు.

ఇది గురజాడ, గిడుగు కలిసి చదువుకున్న ఊరు. 1892లో గురజాడ వారు వాడుక భాషలో నాటకం రాసి ఇక్కడే ఆడించారు. గిడుగు వారు ఏళ్ల తరబడి ఆ వాడుక భాష కోసం పోట్లాడారు. ఏటా ఆగస్టు 29న ఆయన పటానికి దండ వేసి ఉపన్యాసాలిచ్చే అధికారులకి, ఆ భాషలో పాడే కుర్రాడికి ఒక సాయంత్రం హాలు తెరవడానికి చేతులు రాలేదు. ర్యాప్ సంగీతం కాదట. ఒక్కడే నిలబడి, కాళ్లకి గజ్జెలు కట్టి, చిరుతలు పట్టి, కథ చెబుతూ పాడుతూ సభని గుప్పిట్లో పెట్టుకున్న ఆదిభట్ల నారాయణదాసు గారే కదా 1919లో మన సంగీత కళాశాలకి మొదటి అధ్యక్షులు. అమెరికాలో 2018లో కెండ్రిక్ లమార్ అనే ర్యాపర్ ఆల్బమ్‌కి సంగీతంలో పులిట్జర్ బహుమతి ఇచ్చారు. మన దగ్గర దరఖాస్తు ఫారం దగ్గరే ఆగిపోయింది.

శబ్దం గురించి కూడా ఆ ఉద్యోగి ఏదో అన్నాడు. 2000 నాటి శబ్ద కాలుష్య నియమాల ప్రకారం రాత్రి పది నుంచి పొద్దున్న ఆరు దాకా ఆరుబయట మైకులు మోగకూడదు. మా వీధిలో ఊరేగింపుల డీజే బాక్సులు అర్ధరాత్రి దాటాక కూడా కిటికీ అద్దాలు అదరగొడతాయి. గుండె ఆపరేషన్ అయిన మా పక్కింటి పెద్దాయన చెవుల్లో దూది పెట్టుకుని కూర్చుంటాడు. ఫోన్ చేస్తే ఒక్కరూ రారు. ఉత్సవాల పేరిట బయటి నుంచి గాయకుల్ని రప్పించి పెద్ద స్టేజీ కడతారు. మన తప్పెటగుళ్లు ఆడే జానపద కళాకారుల్ని మాత్రం మిట్టమధ్యాహ్నం ఎండలో నడిపించి, ఒక భోజనం పొట్లం చేతిలో పెట్టి పంపేస్తారు. ఇది నేను చూసిందే.

ఇంకొక సంగతి మీ వార్తలో అసలే లేదు. రెండు పాటల్లో వినిపించేది జముకు, తీగ మీటి వాయించే మన జానపద వాయిద్యం. కంప్యూటర్ శబ్దం కాదు. జముకుల కథ చెప్పే ఒక ముసలాయన్ని వెతికి పట్టుకుని, మా గదికి తీసుకొచ్చి, తీగ మీటించి రికార్డు చేశాడు. పదిహేనేళ్లుగా కథకి పిలిచినవాళ్లు లేరని చెప్పాడాయన. డబ్బిచ్చి ఊరుకోలేదు మా అబ్బాయి. ఆ రెండు పాటల స్వరకర్తల్లో ఆయన పేరు చేర్చాడు, రాబడిలో వాటా ఇస్తానని కాగితం రాసి సంతకం పెట్టాడు. పాట రాసినవాళ్లకీ స్వరం కట్టినవాళ్లకీ రాయల్టీ వాటా ఉండాలని 2012లో కాపీరైట్ చట్టం సవరించారు. అది చదువుకుని మరీ చేశాడు. ఆ పెద్దాయన ఆ ఆదివారం ఉతికిన పంచె కట్టుకుని, జముకు సంచిలో పెట్టుకుని మెట్ల మీద రెండు గంటలు కూర్చున్నాడు.

ఆల్బమ్ విడుదల ఆగలేదు. శుక్రవారం అర్ధరాత్రే ఫోన్లలో వచ్చేసింది, హాలు తీసుకున్నది ఊరివాళ్లకి వినిపించడం కోసమే. చివరికి ఎనిమిదింటికి అందరం మా మేడ మీదికి చేరాం. పట్టని వాళ్లు వీధిలో నిలబడ్డారు. ఒక స్పీకరు, ఒక బల్బు. పదికి ముందే ముగించాం.

రద్దుకి కారణం తప్పుగా వేసినందుకు అదే పేజీలో సవరణ వెయ్యండి. జముకు వాయించిన ఆయన పేరు ఆల్బమ్ మీద ఉంది, అది కూడా వెయ్యండి. డిపాజిట్ 5 వేలు ఇంతవరకు తిరిగి రాలేదు. ఆఫీసుకి నాలుగుసార్లు వెళ్లాం, క్లర్కు సెలవులో ఉన్నాడంటున్నారు. రసీదు నా దగ్గరే ఉంది, మీ విలేకరి ఎప్పుడొచ్చినా చూపిస్తాను.

ఇట్లు,
ఒక విశ్రాంత తెలుగు ఉపాధ్యాయిని,
విజయనగరం