గ్రహాల వేటను జూదంతో కలపవద్దు

సంపాదకుల వారికి నమస్కారములు.

ఆన్‌లైన్ ఆటల వల్ల కుటుంబాలు గుల్లవుతున్నాయని మీ పత్రిక జిల్లా పేజీలో ఈ మధ్య వచ్చిన కథనంలోని ఆవేదనతో నాకు పేచీ లేదు. రొయ్యల పట్టుబడి డబ్బు చేతికి వచ్చిన వారంలోనే దానిని ఫోనులో పేకాటకు తగలేసినవారిని మా చుట్టుపక్కల ఊళ్లలో నేనూ చూశాను. అయితే ఆ కథనం చివరకు వచ్చేసరికి వీడియో గేములన్నింటినీ ఒకే గాటన కట్టి, రాత్రిళ్లు తెర ముందు కూర్చునేవాడెవడైనా జూదరి కింద లెక్కేనన్నట్లు తేల్చేసింది. 2025 ఆగస్టులో పార్లమెంటు ఆమోదించిన ఆన్‌లైన్ గేమింగ్ చట్టం కూడా డబ్బు పణంగా పెట్టే ఆటలను నిషేధించిందే తప్ప, పందెం లేని ఆటలను వాటితో కలపలేదు. చట్టం చూపిన ఆ తేడాను పత్రిక కూడా చూపవలసిందని, అందుకు ఆధారంగా నేను ఆడే ఆట సంగతి చెప్పాలని ఈ ఉత్తరం రాస్తున్నాను.

నేను అల్లూరు మండలంలో వనామీ రొయ్యలు సాగు చేస్తాను. మా ఇంట్లో రాత్రి కాపలా నా వంతు. తెల్లవారుజామున గుంటల నీటిలో ఆక్సిజన్ పడిపోయే వేళ నీటిని చిలికి గాలి కలిపే ఏరియేటర్ ఒక్కటి ఆగినా పంట మొత్తం తేలిపోతుంది కనుక, గట్టు మీది గుడిసెలో ఎవరో ఒకరు మేలుకొని ఉండక తప్పదు. నాలుగేళ్లుగా ఆ మెలకువకు నాకు తోడుగా ఉన్నది ఎలైట్ డేంజరస్ అనే ఆట. ఇంగ్లండులోని కేంబ్రిడ్జికి చెందిన సంస్థ 2014 డిసెంబరులో విడుదల చేసిన ఈ ఆటలో మన పాలపుంతను అసలు కొలతలతోనే నిర్మించారు. నక్షత్ర వ్యవస్థలు సుమారు నలభై వేల కోట్లు. మనకు నిజంగా తెలిసిన నక్షత్రాలు లక్షకు పైగా వాటి వాటి చోట్లలోనే ఉంటాయి. మిగిలినవాటిని బరువు, వయసు, రసాయనం లెక్కలను బట్టి కంప్యూటరే కల్పిస్తుంది. ఆటగాళ్లందరూ కలిసి ఇన్నేళ్లలో చూసినది అందులో నూరింట ఒక వంతు కూడా లేదు.

ఇందులో యుద్ధాలూ వ్యాపారాలూ కూడా ఉన్నాయి కానీ నాకు వాటి జోలి అక్కరలేదు. నేను వెతికేది అరుదైన గ్రహాలను. భూమిని పోలిన లోకాలు, ఒళ్లంతా సముద్రమైన లోకాలు, అమ్మోనియా లోకాలు, అన్నింటికన్నా అరుదుగా చీకట్లో పచ్చగా వెలిగే వాయుగోళాలు. ఈ ఆఖరిది నాకు ఇంతవరకు కనిపించలేదు.

ఈ వెతుకులాటకూ లాటరీకీ సంబంధం లేదని చెప్పడానికి దాని పద్ధతి కొంచెం వివరించాలి. ఆటలో నేను నడిపే అంతరిక్షపు ఓడ ఒక నక్షత్రం దగ్గరకు గెంతగానే కొమ్ము ఊదినట్లు ఒక సంకేతం పంపుతుంది. ఆ వ్యవస్థలో ఎన్ని గోళాలున్నాయో దానితో తెలుస్తుంది. తర్వాత పాతకాలపు రేడియోలో స్టేషను పట్టుకున్నట్లు, తెర అడుగున ఉన్న పట్టీ మీద ముల్లును జరుపుకుంటూ వెళ్లాలి. రాతిగోళానికి ఒక చోటు, మంచుగోళానికి ఒక చోటు, వాయుగోళానికి ఒక చోటు ఉంటాయి. భూమిని పోలిన లోకానికీ నీటిలోకానికీ అమ్మోనియాలోకానికీ విడివిడిగా స్వరాలున్నాయి. మోటార్ల మోత మధ్య ఆ స్వరాన్ని పోల్చుకోవడం మొదట్లో నాకు సాధ్యపడలేదు. ఇప్పుడు నాలుగో గుంట ఏరియేటర్ బేరింగు అరిగిన చప్పుడు ఎంత తేలికగా తెలుస్తుందో అదీ అంతే తేలికగా తెలుస్తుంది.

అయితే ముల్లు తిప్పడం కన్నా ఏ నక్షత్రానికి వెళ్లాలో తేల్చుకోవడంలోనే అసలు పని ఉంది. పాలపుంతలో నూటికి డెబ్బైకి పైగా ఎర్రని చిన్న నక్షత్రాలే. వాటి వేడి తక్కువ కనుక నీరు నిలిచే దూరం వాటికి మరీ దగ్గరగా ఉంటుంది, అంత దగ్గర తిరిగే గ్రహం తరచుగా ఒకే ముఖాన్ని నక్షత్రానికి చూపుతూ ఉండిపోతుంది. పెద్ద నీలి నక్షత్రాలు కొన్ని పదుల లక్షల ఏళ్లలోనో కొన్ని కోట్ల ఏళ్లలోనో ఆరిపోతాయి, వాటి దగ్గర లోకం చల్లబడి కుదుటపడే వ్యవధి ఉండదు. మన రైతులు వాన కోసం ఎదురుచూసే ఆరుద్ర కార్తెకు పేరిచ్చిన ఆ ఎర్రని నక్షత్రం కూడా ఇలాంటి తొందరపాటు జీవితమే గడుపుతోంది. కృత్తికలు ఇంకా పసివి, వాటి వయసు పది కోట్ల ఏళ్ల చిల్లర. అందుచేత అనుభవం గడించిన వేటగాడు పటంలో సూర్యుని తరగతినీ, వేడిలో దానికి ఒక మెట్టు పైనున్న ఎఫ్ తరగతినీ మాత్రమే వెలిగించి మిగతావాటిని ఆర్పేస్తాడు. ఆటలో వ్యవస్థల పేర్లలో ‘ఏ’ నుంచి ‘హెచ్’ దాకా ఉండే ఒక అక్షరం అక్కడి బరువును సూచిస్తుంది. ‘హెచ్’ ఉంటే కృష్ణబిలాలు, మహాకాయాలు. నేను వెతికేది ఎక్కువగా ‘డి’. పదో తరగతితో చదువు మానిన నాకు ఈ తరగతులూ ఈ కారణాలూ నేర్పింది ఈ ఆటే అని చెప్పుకోవడానికి నేనేమీ సిగ్గుపడటం లేదు.

అబద్ధాలు లేవా అంటే ఉన్నాయి. నిజంగా ఒక గ్రహాన్ని పట్టుకోవాలంటే అది తన నక్షత్రానికి అడ్డువచ్చినప్పుడు వెలుగు కాస్త తగ్గడాన్ని కొలవాలి. ఎక్కడో దూరాన ఉన్నవారు మన భూమిని ఇలా చూడాలన్నా సూర్యుని వెలుగు పదివేలలో ఒక వంతు కన్నా తక్కువే తగ్గుతుంది, అదీ ఏడాదికొకసారి, పదమూడు గంటల లోపు. పైగా కక్ష్య సరిగ్గా మన చూపుకు అడ్డంగా ఉండాలి, ఆ అవకాశం రెండు వందలలో ఒకటి. ఆటలో ఈ నిరీక్షణేమీ లేదు. 1995లో సూర్యుని వంటి నక్షత్రం చుట్టూ మొదటి గ్రహం దొరికింది మొదలు 2025 దాకా ముప్పై ఏళ్లలో ప్రపంచమంతా కలిసి నిర్ధారించినవి ఆరు వేల పైచిలుకు. వాటిలో 2018లో మౌంట్ అబూ టెలిస్కోపుతో మనవాళ్లు నిర్ధారించిన గ్రహం ఒకటుంది: భూమికి ఇరవై ఏడు రెట్లు బరువు, ఆరు వందల కాంతి సంవత్సరాల దూరం, ఏడాది అంటే పందొమ్మిదిన్నర రోజులు. 2019లో మన దేశానికి పేరు పెట్టే అవకాశం వచ్చిన మరో గ్రహానికి ‘సంతమస’ అనీ, దాని నక్షత్రానికి భౌతికశాస్త్రవేత్త బిభా చౌధురి పేరు మీద ‘బిభా’ అనీ పెట్టారు. ఈ రెండు సంగతులూ నేను వెతికి తెలుసుకున్నది ఆట రేపిన కుతూహలం వల్లనే.

జూదంతో పోలిక ఎక్కడ తెగిపోతుందో చెప్పడానికి నాకు జరిగిన నష్టం ఒకటి ఉంది. ఈ ఆటలో కనుగొన్న గ్రహాల వివరాలను ఏదో ఒక స్థావరానికి చేర్చి అమ్మితేనే మన పేరు వాటి మీద నిలుస్తుంది; మధ్యలో ఓడ పేలిపోతే అన్నీ పోయినట్లే. పోయిన వేసవిలో అయిదు వారాలు తిరిగి పోగుచేసిన వివరాలతో వెనక్కు వస్తూ, భూమికి మూడింతల ఆకర్షణ ఉన్న ఒక రాతిగోళం మీద దిగబోయాను. సరిగ్గా అప్పుడే కరెంటు పోయింది. ఫోను నెట్టుతో, బ్యాటరీతో ఆట నడుస్తూనే ఉంది, దానిని ఆపి ఉంచే వీలు లేదు. నేను లాప్‌టాప్ అలాగే వదిలి జనరేటర్ దగ్గరకు పరుగెత్తి, రెండుసార్లు మొరాయించిన దానిని మూడోసారికి లేపి, ఏరియేటర్లన్నీ నీళ్లు చిమ్మడం చూసుకొని గుడిసెకు వచ్చేసరికి తెర మీద ఓడ ధ్వంసమైనట్లు చూపుతోంది. రొయ్యలు దక్కాయి, గ్రహాలు పోయాయి. వాటిలో మూడు భూమిని పోలినవి. ఆ రాత్రి నాకు అన్నం సహించలేదన్న మాట నిజమే కానీ, నా జేబులోంచి పైసా పోలేదు. ఎవరి దగ్గరా అప్పు చేయలేదు. మరునాడు మళ్లీ మొదటి నక్షత్రం నుంచి బయలుదేరాను. పందెం కాసి ఓడినవాడు ఇలా బయలుదేరలేడు.

ఈ మధ్య ఆ సంస్థ కొన్ని కొత్త ఓడలను ముందుగా కావాలన్నవారికి అసలు డబ్బుకు అమ్ముతోంది. అది నాకు నచ్చలేదు, దానిని ఎవరైనా విమర్శిస్తే కాదనను. ఇది వ్యసనం కాగలదన్న మాటనూ కొట్టివేయను: ఇంకొక్క గెంతు అనుకుంటూ రొయ్యలు మేత తిన్నాయో లేదో తెలిపే చెక్ ట్రే చూడవలసిన సమయం దాటబెట్టిన రాత్రులు నాకూ ఉన్నాయి, ఇంట్లో మాటా పడ్డాను. అయినా ఎంత డబ్బు పోసినా గ్రహాన్ని మాత్రం కొనలేము, గెలిచిన ఆట డబ్బును బయటకు తెచ్చుకోలేము.

కాబట్టి మీ విలేఖరులు ఆటల గురించి రాసేటప్పుడు మొదట అందులో డబ్బు పెట్టే దారి, తీసే దారి ఉన్నాయా లేవా అన్నది విచారించి, ఆ సంగతిని వార్తలోనే స్పష్టంగా పేర్కొనవలసిందిగా కోరుతున్నాను. ఆ ఒక్క వాక్యం ఉంటే, గుడిసెలో తెర వెలుగు చూసి మా మేనమామ గారు నా పొలం కాగితాలు ఎక్కడున్నాయని మా ఆవిడను అడగవలసిన అవసరం వచ్చేది కాదు.

రాకెట్టు ఎగిరే రాత్రుల్లో మా గట్టు మీద నిలబడితే దక్షిణాన శ్రీహరికోట వైపు ఆకాశం నారింజ రంగుకు తిరగడం కనిపిస్తుంది, పక్క గుంటల కాపలావాళ్లు కూడా అప్పుడు మా గట్టు మీదకే వస్తారు. ఆ మనుషులకే ఒకసారి, ఆటలో దొరికిన ఒక నీటిలోకాన్ని చూపించాను. దాని మీద ‘మొదట కనుగొన్నది’ అన్న చోట నేను పెట్టుకున్న పేరు ఉంది: పెన్న. అందులో ఒకాయన చాలాసేపు చూసి, ఆ నీళ్లలో ఉప్పు ఎంతుంటుందని అడిగాడు. అది ఆట చెప్పదు.

ఇట్లు,
ఒక రొయ్యల రైతు,
అల్లూరు మండలం, నెల్లూరు జిల్లా