పేర్ల జాబితాలో భాష కూడా రాయండి

సంపాదకులకు నమస్కారం.

మీ ఆదివారం అనుబంధంలో ప్రపంచ దేశాల పిల్లల పేర్లు, వాటి అర్థాలు అంటూ ఒక నిండు పేజీ వేశారు. అందులో 'లీల: రాత్రి' అని ఉంది. నా పేరు లీల. అరవై ఏళ్లు దాటాయి ఈ పేరుతో, అందుకే చూపు అక్కడే ఆగిపోయింది. లీల సంస్కృత పదం, ఆట అని అర్థం. రాత్రి అనే అర్థం ఉన్నది అరబిక్ పేరు లైలాకి. ఇంగ్లిష్ అక్షరాల్లో రాస్తే రెండూ దగ్గర దగ్గరగా ఉంటాయి. జాబితా తయారుచేసినవారు అక్కడ పొరబడి ఉంటారు.

ఈ వయసులో దానివల్ల నాకు వచ్చే నష్టమేమీ లేదు. కానీ నేను 28 ఏళ్లు ఒక గ్రంథాలయంలో పనిచేశాను. పుట్టబోయే బిడ్డకో, పుట్టిన బిడ్డకో పేరు వెతుక్కుంటూ వచ్చినవాళ్లను ఎంతోమందిని చూశాను. ఇలాంటి జాబితాలను వాళ్లు ఎంత నమ్ముతారో నాకు తెలుసు. ఒకావిడ సంగతి చెబుతాను.

మూడు నెలల పాపను ఎత్తుకుని వచ్చింది. పాప పేరు సిసీలియా. ఎక్కడో చూసిన జాబితాలో ఆ పేరు పక్కన 'గుడ్డిది' అని ఉందట. ఫోన్ నా ముందు పెట్టి, "మేడమ్, ఇది నిజమేనా? పేరు మార్చేయమంటారా?" అని అడిగింది. రాత్రంతా నిద్రపోలేదని కళ్లు చూస్తేనే తెలుస్తోంది.

నిజం కాదని నేను అనలేకపోయాను. సిసీలియా పేరు పాత రోమ్‌లోని ఒక వంశం పేరు నుంచి వచ్చింది, ఆ వంశం పేరు లాటిన్‌లో గుడ్డివాడు అనే మాటతో ముడిపడి ఉంది. అయితే ఆ జాబితా అక్కడితో ఆపేసింది. వందల ఏళ్లుగా తల్లిదండ్రులు తమ కూతుళ్లకు ఆ పేరు పెడుతున్నది రోమ్‌లోని ఆ వంశాన్ని తలుచుకుని కాదు, సెయింట్ సిసీలియాను తలుచుకుని. క్రైస్తవ సంప్రదాయంలో ఆమె సంగీతకారులకు అండగా నిలిచే పునీత. నవంబర్ 22న ఆమె పండగ. ఇదంతా చెప్పి, "మీరెందుకు పెట్టారమ్మా ఈ పేరు?" అని అడిగాను. "మా అత్తగారు చర్చిలో పాడేవారు, ఆవిడే పెట్టారు" అంది. "ఆవిడకి అన్నీ తెలిసే పెట్టారు" అన్నాను. పాపను భుజం మీదకి మార్చుకుని, కుర్చీలో కూర్చుని కాసేపు ఏడ్చింది.

ఆ రోజు నుంచి పేరు గురించి ఎవరు అడిగినా నేను రెండు సంగతులు విడివిడిగా చెబుతూ వచ్చాను. మాటకు మూలం ఏమిటి, మనుషులు ఆ పేరు ఎందుకు పెట్టుకుంటారు. మొదటిదొక్కటే చెబితే ఒక్కోసారి అబద్ధం చెప్పినంత పని అవుతుంది. మంగోలియాలో నెర్గూయ్ అనే పేరుంది. 'పేరు లేదు' అని దాని అర్థం. ఎనెబిష్ అని ఇంకొకటి, 'ఇది కాదు' అని అర్థం. జాబితాలో ఇంతవరకే రాస్తే చదివినవాళ్లు నవ్వుతారు. ఆ పేర్లు పెట్టింది బిడ్డ మీద చెడు శక్తుల చూపు పడకూడదని. పేరే లేదంటే వెతుక్కుంటూ వచ్చినవి దారి తప్పి పోతాయని ఒక తల్లి పడ్డ ఆరాటం అందులో ఉంది. నేను చూసిన పేర్లన్నిటిలోకీ నన్ను ఎక్కువగా కదిలించింది నెర్గూయే.

మీ పేజీలో 'కోఫీ: శుక్రవారం' అని వేశారు. అంతేనా! ఘానాలోని అకాన్ ప్రజలు బిడ్డ పుట్టిన వారాన్ని బట్టి పేరు పెడతారు. శుక్రవారం పుట్టిన మగబిడ్డ కోఫీ, ఆడబిడ్డ ఎఫువా. ఐక్యరాజ్యసమితి ప్రధాన కార్యదర్శిగా పనిచేసిన కోఫీ అన్నన్ 1938 ఏప్రిల్ 8న పుట్టారు, అది శుక్రవారం. ఆయనతో పాటు పుట్టిన కవల సోదరి పేరు ఎఫువా. ఇద్దరి పేర్లలోనూ ఆటా అనే మాట ఉంది, కవల అని దాని అర్థం. ఈ రెండు పేర్లు చూస్తే ఏ వారం పుట్టారో, ఎవరితో కలిసి పుట్టారో తెలిసిపోతుంది. రెండు వాక్యాల చోటు ఇస్తే ఇదంతా పాఠకులకు అందేది.

మైఖేల్‌కి 'దేవుడిలాంటివాడు' అని రాశారు. ఇది చాలా జాబితాల్లో కనిపించే తప్పు. హీబ్రూలో ఆ పేరు ఒక ప్రశ్న: 'దేవుడిలాంటివాడు ఎవరు?' ఎవరూ లేరని జవాబు అందులోనే ఉంది. ప్రశ్న గుర్తు తీసేసేసరికి అర్థం పూర్తిగా తిరగబడింది.

వెనెస్సాకి 'గ్రీకులో సీతాకోకచిలుక' అని ఉంది. గ్రీకులో అలాంటి మాట లేదు. ఆ పేరును కల్పించింది జొనాథన్ స్విఫ్ట్ అనే రచయిత. తన స్నేహితురాలు ఎస్తర్ వానమ్రీ ఇంటిపేరు నుంచి ముందు భాగం తీసుకుని, ఎస్తర్‌కి ముద్దుపేరు కలిపి కట్టాడు. ఆ పేరున్న కవిత 1726లో అచ్చయింది. ఫాబ్రీసియస్ అనే డెన్మార్క్ శాస్త్రవేత్త ఒక రకం సీతాకోకచిలుకలకు వెనెస్సా అని పేరు పెట్టింది 1807లో. అంటే పేరు ముందు, సీతాకోకచిలుక తర్వాత.

ఒకే పలుకు రెండు భాషల్లో ఉంటే ఈ చిక్కు ఇంకా పెరుగుతుంది. కమల్ అంటే మనకు కమలం గుర్తొస్తుంది. అరబిక్ నుంచి వచ్చిన కమాల్‌కి పరిపూర్ణత అని అర్థం, టర్కీ నాయకుడు కెమాల్ పేరు అదే. సమీర్ సంస్కృతంలో గాలి. అరబిక్‌లో రాత్రిపూట కూర్చుని కబుర్లు చెప్పుకునే తోడు. ఎంత చక్కని మాట! ఆ పేరున్న పిల్లవాడికి గాలి అని చెప్పాలా, కబుర్ల తోడు అని చెప్పాలా అన్నది వాళ్ల ఇంట్లో ఏ భాష నుంచి ఆ పేరు తీసుకున్నారో దాన్ని బట్టి ఉంటుంది. భాష రాయకుండా అర్థం ఒక్కటే రాస్తే సగం పిల్లలకు వేరేవాళ్ల అర్థం అంటగట్టినట్టే.

పేర్లు ఊళ్లు తిరిగి రూపు మారినవి కూడా ఉన్నాయి. అలెగ్జాండర్ గ్రీకు పేరు, మనుషులను కాపాడేవాడు అని అర్థం. అరబ్బులు మొదట్లో ఉన్న 'అల్'ను తమ భాషలో పేర్ల ముందు వచ్చే 'అల్' అనుకుని పక్కన పెట్టారు. మిగిలింది ఇస్కందర్, అక్కడి నుంచి సికందర్. మీ పేజీలో ఇవి రెండు వేర్వేరు పేర్లుగా, రెండు వేర్వేరు అర్థాలతో ఉన్నాయి.

నేను అడిగేది పెద్ద పనేమీ కాదు. ఇకపై పేర్ల పేజీ వేస్తే ప్రతి పేరు పక్కన ఏ భాషదో రాయండి. మూలం మీద పండితులకే ఏకాభిప్రాయం లేని పేర్లున్నాయి, మేరీ, మరియం అలాంటివే. అక్కడ ఏదో ఒకటి ఖాయంగా రాయకుండా ఆ సంగతే రాయండి. పేర్లు నూటికి బదులు ఇరవై ఇచ్చినా సరే, వాటిని ఎందుకు పెడతారో ఒక వాక్యం చేర్చండి. సరిచూడటానికి మనిషి కావాలంటే నేను చేసిపెడతాను. డబ్బులు అక్కర్లేదు, టెన్షన్ పడకుండా కూర్చుని చేసే తీరిక నాకుంది.

ముందుగా వచ్చే ఆదివారం లీల, మైఖేల్, వెనెస్సా మూడింటికీ సవరణ వేయండి. ఆ పేజీ కత్తిరించి దాచుకున్నవాళ్లు ఉంటారు.

ఇట్లు,
లీల
విశ్రాంత గ్రంథాలయ ఉద్యోగిని