పాత పీసీలో ఆండ్రాయిడ్ వేస్తే...

సంపాదకులకు,

విండోస్ 10కు మైక్రోసాఫ్ట్ మామూలు మద్దతు 2025 అక్టోబరు 14తో ముగిసింది. పాత డెస్క్‌టాప్‌లో ఆండ్రాయిడ్ వేసుకుంటే సరి అని సలహాలిచ్చేవాళ్లకు కొదవ లేదు. అది గూగుల్ పీసీల కోసం ఇచ్చిన ఆండ్రాయిడ్ కాదు, ఔత్సాహికులు మార్చి తయారుచేసింది. ఆటలకు పరవాలేదు. అసలు జీమెయిల్ ఖాతాతో లాగిన్ అయితేనే చిక్కు.

అందరికీ తెలిసిన ఆండ్రాయిడ్-ఎక్స్86నే చూడండి. దాని 9.0-ఆర్2 కూర్పు 2020 మార్చి నాటిది. ఆండ్రాయిడ్ 9కి గూగుల్ భద్రతా ప్యాచ్‌లు ఆగిపోయి ఏళ్లయింది. అది నడుస్తుండగా ఆల్ట్, ఎఫ్1 కలిపి నొక్కండి. నల్లటి తెర వస్తుంది, పాస్‌వర్డ్ అడక్కుండానే రూట్ అధికారం, అంటే సిస్టమ్‌పై పూర్తి అదుపు, చేతికొస్తుంది. ఆల్ట్, ఎఫ్7 నొక్కితే మళ్లీ మామూలు తెర. యాప్‌లను కట్టడి చేయాల్సిన ఎస్‌ఈలైనక్స్ 'పర్మిసివ్'లో ఉంటుంది. గేటు దగ్గర కూర్చుని వచ్చేపోయేవాళ్ల పేర్లు రాసుకుంటూ ఎవర్నీ ఆపని వాచ్‌మన్‌ లాంటిదన్నమాట. డేటాకు ఎన్‌క్రిప్షన్ ఉండదు కాబట్టి లైనక్స్ పెన్‌డ్రైవ్‌తో బూట్ చేసి ఎవరైనా చదవొచ్చు.

సెట్టింగ్స్‌లో బిల్డ్ నంబరు చివర 'టెస్ట్-కీస్' అని ఉంటే ఇంకో తంటా. సిస్టమ్ యాప్‌లపై డిజిటల్ సంతకానికి వాడే ఆ కీలు బహిరంగంగా దొరికేవే. వాటితో సంతకం చేసిన దొంగ యాప్ సిస్టమ్ యాప్‌గా చెలామణి కాగలదు.

పరికరం నమ్మదగ్గదేనా అని గూగుల్ చూసే ప్లే ఇంటెగ్రిటీ పరీక్ష నెగ్గదు గనుక చాలా బ్యాంకు యాప్‌లు మొరాయిస్తాయి. అక్కడితో వదిలేస్తే మేలే. దాన్ని దాటించడానికి ఊరూపేరూ లేని మ్యాజిస్క్ మాడ్యూళ్లు (ఆండ్రాయిడ్‌ను లోపల్నుంచి మార్చే తోడు ఫైళ్లు), ఎవరో సవరించిన ఐఎస్ఓలు (ఇన్‌స్టాల్ చేసే ఫైళ్లు) ఎక్కిస్తారు చూడండి, అసలు ప్రమాదం అక్కడుంది. ఆ మాడ్యూల్ నడిచేదీ రూట్ అధికారంతోనే. పీసీలకు వచ్చిన మరో ఆండ్రాయిడ్ రూపం రీమిక్స్ ఓఎస్‌ను తయారీదారులు 2017లోనే ఆపేసినా దాని ఫైళ్లు ఇప్పటికీ ఎక్కడెక్కడో తిరుగుతున్నాయి.

సరదా తీరాలంటే, కంప్యూటర్‌లోనే మరో ఉత్తుత్తి కంప్యూటర్‌ను నడిపే వర్చువల్‌బాక్స్‌లో 2 కోర్లు, 4 జీబీ ర్యామ్ ఇచ్చి, షేర్డ్ ఫోల్డర్లు లేకుండా, విడిగా తెరిచిన గూగుల్ ఖాతాతో నడపండి. నేరుగా వేసేట్టయితే విండోస్ డిస్కు కేబుల్ పీకి, వేరే ఎస్‌ఎస్‌డీలో వేయండి. ఐఎస్ఓ ఎస్‌హెచ్‌ఏ-256 విలువ (ఫైలు మారితే మారిపోయే గుర్తు) ప్రాజెక్టు అసలు సైటులోని దానితో సరిపోవాలి. సంతకం లేని సిస్టమ్‌లను మొదలుకానివ్వని సెక్యూర్ బూట్ ఆపేముందు, విండోస్ డిస్కుకు తాళమేసే బిట్‌లాకర్ 48 అంకెల రికవరీ కీ కాగితంమీద రాసుకోండి. లేదంటే విండోస్ అది అడిగినప్పుడు దిక్కుతోచదు.

బ్రౌజింగ్ వరకే అయితే గూగులే ఇచ్చే క్రోమ్‌ఓఎస్ ఫ్లెక్స్ ఉంది. 4 జీబీ ర్యామ్, 16 జీబీ డిస్కు, ఎక్కించడానికి 8 జీబీ పెన్‌డ్రైవ్ చాలు. ఆండ్రాయిడ్ యాప్‌లు మాత్రం అందులో నడవవు.

- కంప్యూటర్ హార్డ్‌వేర్ టెక్నీషియన్లు, ఖమ్మం